పద్నాలుగు క్యాసెట్ల మాస్టారు

ఆయన పోయారన్న సంగతి నాకు యీషున్‌లో ఉండే ఆంటీ చెప్పింది. ఎక్స్‌పో స్టేషన్లో రైలు దిగి ఆఫీసుకి నడుస్తుంటే ఫోన్ మోగింది.

"నీకు తెలుసా లేదా అప్పా, మీ మాస్టర్ పోయారంట. విజయనగరం నుంచి ఎవరో చుట్టం ఫోన్ చేశాడు. గుండె అంట. నిద్రలోనే అంట. పావం."

ఆంటీ వాళ్ళు మూడు తరాలుగా సింగపూర్లోనే ఉన్నారు. ఆమె తెలుగులో అరవం, మలయ్ కలిసిపోయి ఉంటాయి. మాస్టారు ఇక్కడున్నంత కాలం ఆమె ఫ్లాట్‌లోనే ఒక గది అద్దెకి తీసుకుని ఉన్నారు.

"సరే ఆంటీ, మీటింగ్‌కి వెళ్తున్నా, మళ్ళీ చేస్తా" అన్నాను. మీటింగ్‌కి వెళ్ళాను కూడా. అక్కడ కూర్చున్నాక తెలిసింది, నాకు ముందు కలిగింది దుఃఖం కాదని. తేలిక. ఇక ఆయన నాకు ఎదురుపడరు, నేను తల దించుకోనక్కర్లేదు. అంత నీచమైన తేలిక నాలో ఉన్నందుకు నా మీద నాకే అసహ్యం వేసింది. అందుకే ఇది రాస్తున్నాను. రాస్తే ఏదో దిగిపోతుందన్న ఆశ మాత్రం లేదు.

సాఫ్ట్‌వేర్ ఉద్యోగాలు కుప్పలుతెప్పలుగా ఉన్న రోజులవి. చాంగీ బిజినెస్ పార్క్‌లో ఏ లిఫ్టు ఎక్కినా తెలుగు వినపడేది. మా కంపెనీకి ఒక పెద్ద పని వచ్చింది. ఆఫ్రికాలో అమ్మబోయే సెల్‌ఫోన్లలో అక్కడి భాషలు పెట్టాలి. ఏ భాషకి ఏ అక్షరాలు, ఏ భాష ఏ కుటుంబానిది, ఒక్కోదానికి నమూనాగా ఒక గొంతు, ఇవన్నీ ఒక పట్టికలో ఎక్కించాలి. ఆ పట్టిక నా చేతిలో ఉండేది. నాకు ఆఫ్రికా గురించి తెలిసిందల్లా క్రికెట్ మ్యాచ్‌ల్లో చూసినంతే. అందుకని సలహా చెప్పడానికి ఏడాది కాంట్రాక్టు మీద ఒక పెద్దాయన్ని పిలిపించారు. అరవై దాటిన మనిషి, పన్నెండేళ్ళు నైజీరియా కొండల్లో లెక్కల మాస్టారుగా పనిచేసి వచ్చిన తెలుగువాడు.

మొదటిరోజు మర్యాదకి పలకరించాను. "మాస్టారూ, మీకు ఆఫ్రికన్ లాంగ్వేజ్ బాగా వచ్చంట కదా?"

ఆయన కళ్ళజోడు తీసి, చొక్కా అంచుతో తుడిచి, మళ్ళీ పెట్టుకున్నారు.

"నీకు ఆసియా భాష వొచ్చా బాబూ?"

ఆసియా భాషా, అదేంటి మాస్టారూ అన్నాను.

"రాదు కదా. మరి నాకెలాగొస్తాది? ఆఫ్రికా అంటే ఒక ఊరనుకున్నావేటి? రెండువేల భాషలున్నాయి. ఇంకా ఎక్కువున్నాయేమో కూడా. ఎవడు లెక్కపెట్టాడు సరిగ్గా?"

ఆ కళ్ళజోడు తుడవడం చూస్తే మా టీమ్‌లో అందరికీ హడల్. తుడిచారంటే ఎవరో ఒకరు తెలివితక్కువ మాట అన్నారని అర్థం. చైనా అమ్మాయిలు కూడా ఆయన్ని మాస్టర్ అనే పిలిచేవారు. ఆయన వాళ్ళ దగ్గర మాత్రం కళ్ళజోడు తుడిచేవారు కాదు. ఆ మర్యాదంతా తెలుగువాళ్ళకే దక్కేది.

మనుషుల్ని ఊరూ పేరూ అడిగే అలవాటు ఆయనకి లేదు. లంచ్‌లో నాసి లెమాక్ అనే కొబ్బరిపాల అన్నం తెచ్చుకుని, అందులోని వేరుశనగ గింజ ఒకటి వేళ్ళతో ఎత్తి చూపించేవారు. "దీన్ని మీ ఇంట్లో ఏటంటారు?" పల్లీ అంటే తెలంగాణ, బుడ్డలు అంటే కర్నూలు వైపు. ఒకసారి రైల్లో షిప్‌యార్డ్ నుంచి వస్తున్న కుర్రాళ్ళని ఇలాగే ఆపి అడిగారు. వాళ్ళు పొద్దుటినుంచి వెల్డింగ్ చేసి నిలువునా అలిసిపోయి ఉన్నారు.

"పల్లీలంటం సార్. ఎందుకు, మీరు అమ్ముతరా?" అన్నాడొకడు.

ఆయన నవ్వి, "లేదు బాబూ, ఏరుకుంటాను" అన్నారు.

మా బిల్డింగ్ కింద ఒక మలయ్ ఆవిడ అన్నం, కూరలు అమ్మేది. ఓ రోజు ఆమెని నెలకి, చంద్రుడికి మీ మాటేంటని అడిగారు. బులాన్ అంది. ఆఫ్రికా పక్కన మడగాస్కర్ అనే పెద్ద దీవి ఉందనీ, అక్కడివాళ్ళు చంద్రుణ్ణి వూలానా అంటారనీ, ఎన్నో వందల ఏళ్ళ కిందట మీ వైపు వాళ్ళే పడవలెక్కి సముద్రం దాటి అక్కడ దిగారనీ ఆయన చెప్పారు. ఆవిడ గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. వెనక క్యూలో ఉన్నవాళ్ళు విసుక్కుంటున్నారు. ఆ రోజు నుంచి మాస్టారి పళ్ళెంలో కోడిముక్క ఒకటి ఎక్కువ పడేది. "చూసావా, చుట్టరికం కలిపితే ఎంత లాభమో" అని నాకు చూపించి తినేవారు.

ఆయన నాకు భాషా కుటుంబాలు నేర్పింది కూడా ఆ పళ్ళెంలోనే. వేరుశనగ గింజలు ఒకవైపు జరిపారు. "ఇది నైజర్-కాంగో. అన్నిటికన్నా పెద్ద కుప్ప. పడమటి తీరం నుంచి కింద జూలూల దాకా వీళ్ళే." ఎండుచేపలు ఇంకోవైపు. "వీళ్ళు అరబ్బీకి చుట్టాలు. మా సంతలో మాట్లాడే హౌసా ఇందులోది." దోసకాయ ముక్కలు మూడోవైపు. "నైలు నది పక్కనా, సహారా అంచునా ఉన్నోళ్ళు." పళ్ళెంలో మిగిలిన అన్నం మెతుకుల్ని స్పూన్‌తో అంచుకి తోశారు. "నోట్లో టక్కుటక్కున చప్పుడు చేస్తూ మాట్లాడతారని వీళ్ళందర్నీ ఒక కుప్పేసారు. వీళ్ళలో వీళ్ళకే చుట్టరికం తేలలేదు. ఎందులోనూ పట్టనోళ్ళని మూలకి ఊడ్చి దానికో పేరు పెట్టీసారు."

"అన్నిటికీ ఏదో ఒక పేరు ఉండాలి కదా మాస్టారూ, పట్టికలో గడి ఖాళీగా ఉంచలేం" అన్నాను.

ఆయన కళ్ళజోడు తీశారు.

"ఖాళీగా ఉంచితే గడికేటి నొప్పి?" అన్నారు తుడుస్తూ.

క్యాసెట్ల గురించి ఆయన మూడో నెలలో బయటపెట్టారు. నలుచదరపు బిస్కెట్ డబ్బా ఒకటి తెచ్చి నా టేబుల్ మీద పెట్టారు. మూత తీస్తే అడుగున బియ్యం, పైన పద్నాలుగు క్యాసెట్లు. చెమ్మ తగలకుండా బియ్యం పోసి దాచారట. అయినా రెండింటి టేపు మీద బూజు తెల్లగా కనపడుతోంది.

ఆ క్యాసెట్లలో ఒక ముసలావిడ గొంతు ఉంది. మాస్టారు పనిచేసిన బడి కొండ కింద. ఆవిడ ఊరు కొండ మీద. బడికి నీళ్ళు మోసేది. కొండ మీద భాష వేరు, కొండ కింద భాష వేరు, సంతలో భాష మరొకటి. కొండ మీద భాష మాట్లాడేవాళ్ళు మాస్టారు అక్కడికి వెళ్ళేనాటికి తొమ్మిదిమంది మిగిలారు, అదీ తలో ఊళ్ళో. ఆవిడ మనవలు సంతభాషే మాట్లాడేవారు. ఆవిడ చెల్లెలు పోయాక ఆ ఊళ్ళో ఆవిడకి మాట్లాడేందుకు మనిషి లేకుండా పోయింది.

"నా దగ్గర టేప్‌రికార్డర్ చూసి అడిగింది బాబూ. ఇది నా మాట వింటాదా అని. వింటాది, మళ్ళీ చెప్తాది కూడా అన్నాను. రోజూ సాయంత్రం వొచ్చి దాని ముందు కూచునేది. తన మాట తనకి వినిపిస్తే, దానికి జవాబు చెప్పేది. నవ్వేది. ఒకరోజు దాంతో దెబ్బలాట కూడా పెట్టుకుంది. అది పాత రోజు చెప్పిన మాటే మళ్ళీ చెప్పిందని కోపం."

ఇది చెప్తూ ఆయన నవ్వారు. నేనూ నవ్వాను. తర్వాత ఆయన అన్నమాట నాకు ఇప్పటికీ అక్షరం పొల్లుపోకుండా గుర్తుంది.

"వొచ్చీసేటప్పుడు మాటిచ్చాను, నీ గొంతు పోనివ్వనని. ఇరవై ఏళ్ళయింది. టేపు తిప్పితే తెగిపోతాదేమోనని నేనే వినడం మానీసాను. మీ కంప్యూటర్లోకి ఎక్కించీ. ఎక్కితే ఇంక దానికి చావులేదు."

ఎక్కించాను. టెక్నీషియన్ పక్కన కూర్చుని మూడు రోజులు జాగ్రత్తగా చేయించాను. బూజు పట్టిన రెండు క్యాసెట్లు కూడా వచ్చాయి. ఆవిడ గొంతు సన్నగా, తొందరగా ఉండేది. ఒక వాక్యం చెప్పి ఆగేది, ఎవరో జవాబు చెప్తారన్నట్టు.

ఆ భాషకి పట్టికలో సొంతంగా ఒక వరుస ఉండాలని మాస్టారు మీటింగ్‌లో అడిగారు. మా మేనేజర్ ఇక్కడే పుట్టి పెరిగిన చైనా ఆవిడ, చెడ్డ మనిషి కాదు.

"ఎంతమంది మాట్లాడతారు మాస్టర్?"

"నేను ఉన్నప్పుడు తొమ్మిది."

"తొమ్మిది వేలా?"

"తొమ్మిదిమంది."

ఆవిడ పెన్ను కింద పెట్టింది. "క్యానాట్ లా, మాస్టర్. ఫోన్లో పెట్టలేం."

"ఫోన్లో వొద్దమ్మా. పట్టికలో పేరు, ఆ గొంతు ఉంటే చాలు."

ఆవిడ ఆలోచించి, అందరూ వాడే ప్రామాణిక జాబితాలో అది వేరే భాషగా ఉంటే ఉంచుదామనీ, చూసి తేల్చమనీ నాకు అప్పగించింది. మాస్టారు నన్ను బయటికి తీసుకెళ్ళి విడమరచి చెప్పారు. ఆ జాబితాలో తప్పుంటుంది. ఎవరో దొర ఒకప్పుడు కొండ ఎక్కలేక సంతలోనే కూర్చుని, సంతకొచ్చిన కొండ మీదివాణ్ణొకణ్ణి, కిందివాణ్ణొకణ్ణి పట్టుకుని, మేకకీ దుంపకీ మాటలడిగి రాసుకున్నాడు. సంతమాటలు ఇద్దరికీ ఒకటే కదా, అప్పు తెచ్చుకున్నవి. అది చూసి రెండూ ఒకే భాష అని తేల్చాడు. ఇంట్లో మాట్లాడుకునే మాటలు అడిగుంటే ఒక్కటీ కలిసేది కాదు. "అందుకని నన్నడక్కుండా తేల్చకు" అన్నారు.

సరేనన్నాను.

పని మూసేటప్పుడు మా వృత్తిలో ఒక పద్ధతి ఉంది. చెయ్యాల్సినవన్నీ ఒక జాబితాగా ఉంటాయి, ప్రతిదానికీ ఎదురుగా టిక్కు పెట్టాలి. టిక్కులన్నీ పడితేనే సంతకం, సంతకం పడితేనే ఇంటికి. కొన్నాళ్ళకి మనిషికి పని కనపడదు, టిక్కులే కనపడతాయి. ఆ శుక్రవారం మధ్యాహ్నం నాకు పదకొండు టిక్కులు మిగిలాయి. మాస్టారు జ్వరంతో వారం నుంచి రావడం లేదు. జాబితా తెరిచి చూశాను. ఆయన చెప్పినట్టే ఉంది, కొండ మీద భాష కొండ కింద భాషకి యాస అని. యీషున్‌కి ఒక్క ఫోన్ చేస్తే సరిపోయేది. చేస్తే అరగంట పాఠం వినాలి, కళ్ళజోడు తుడిచే చప్పుడు ఫోన్లో కూడా వినపడుతుంది అనుకున్నాను. వరుస పక్కన "రెండూ ఒకటే" అని టైపు కొట్టి, టిక్కు పెట్టాను.

తర్వాతి టిక్కు, ఒకే భాషకి ఒకటికి మించి గొంతులుంటే ఒకటి ఉంచి మిగతావి తీసేయడం. అది ప్రోగ్రామే చేసుకుంటుంది. కొండ కింద భాషకి ఒక రేడియో అనౌన్సర్ గొంతు శుభ్రంగా ఉంది. అది ఉండిపోయింది. దాని తర్వాతి టిక్కు, కంప్యూటర్లోకి ఎక్కించిన అసలు టేపులన్నీ ముక్కలు చేసే డబ్బాలో వేయడం. అది కస్టమర్ల రహస్యాలు బయటికి పోకుండా పెట్టిన నియమం. మాస్టారి క్యాసెట్లకి దానితో ఏ సంబంధమూ లేదు. కాని నా అల్మారాలో ఉన్న టేపులన్నిటికీ కలిపి ఒకటే టిక్కు. సెక్యూరిటీ అతను ట్రాలీతో వచ్చాడు, తీసుకెళ్ళాడు. బియ్యం ఉన్న డబ్బా మాత్రం టేపు కాదని వదిలేశాడు.

తెలియక చేశానంటే సగం అబద్ధం. "రెండూ ఒకటే" అని కొట్టేటప్పుడు ఆయన మొహం గుర్తొచ్చింది. సోమవారం చెప్పి సర్దుకుందాంలే అనుకున్నాను. సోమవారం వెతికితే కంప్యూటర్లో ఆవిడ గొంతు ఎక్కడా లేదు. బ్యాకప్ ఉంటుందనుకున్నాను. బ్యాకప్ కూడా శుభ్రంచేసిన పట్టికదే.

జ్వరం తగ్గి వచ్చాక ఆయన నా టేబుల్ దగ్గరికొచ్చి డబ్బా ఎత్తి చూశారు.

"తేలిగ్గా ఉందేటి?"

"స్టోర్ రూమ్‌లో పెట్టించాను మాస్టారూ. ఏసీ ఉంటుంది, చెమ్మ తగలదు."

"మంచి పని చేసావు బాబూ. నాకు తోచలేదు చూడు" అని భుజం తట్టారు.

ఆ అబద్ధం నాలుగు నెలలు నడిపాను. లంచ్‌లో ఆయన పక్కన కూర్చోవడం మానేశాను. ఏదో పని ఉందని శాండ్‌విచ్ తెచ్చుకుని స్క్రీన్ ముందే తినేవాణ్ణి. ఆయన అనుమానపడలేదు. నాకు పని ఎక్కువైందని మేనేజర్‌తో చెప్పి నా తరఫున దెబ్బలాడారు. ఆ సంగతి తెలిసినప్పుడు బాత్రూమ్‌లోకి వెళ్ళి తలుపేసుకున్నాను.

అక్టోబరులో ఓ పొద్దున ఆయన ఒక ఉత్తరం పట్టుకుని వచ్చారు. ఆ కొండ కింద బడి హెడ్‌మాస్టర్ రాసింది. కళ్ళజోడు చేతిలోనే ఉంది, పెట్టుకోలేదు.

"ఆవిడ పోనాది బాబూ. మిగతావాళ్ళు ముందే పోనారట. ఈవిడే ఆఖరట." కుర్చీ లాక్కుని కూర్చున్నారు. "ఒక్క క్యాసెట్ పెట్టు. మొదటిది. అందులో నాకు దండం చెప్పి నవ్వుతాది."

నా చుట్టూ ముప్పైమంది కీబోర్డులు కొడుతున్నారు. నాకు ఇంకో అబద్ధం దొరకలేదు. చెప్పేశాను. శుక్రవారం, టిక్కులు, ట్రాలీ. కంప్యూటర్లో కూడా లేదన్నాను.

"అన్నీనా?" అన్నారు.

"అన్నీ మాస్టారూ."

ఆయన మంచినీళ్ళడిగారు. గ్లాసు తెచ్చిస్తే మొత్తం తాగారు. తిట్టమని నేను లోపల బతిమాలుకుంటున్నాను. "కోపం రావాలి కదా నాకు. రావట్లేదేటి?" అన్నారు, నన్ను కాదు. లేచి, నా టేబుల్ మీద నుంచి బియ్యమే మిగిలిన డబ్బా తీసుకుని వెళ్ళిపోయారు.

మూడో రోజు ఆయనే ఫోన్ చేశారు. "ఆదివారం రా. రికార్డర్ తే. నా బుర్రలో ఉన్నంతవరకూ తీసీసుకో."

బుకిట్ పంజాంగ్‌లో మా ఇంటి నుంచి యీషున్‌కి బస్సులో వెళ్ళాను. ఆంటీ టీ ఇచ్చి, "పొద్దుటినుంచి ఒకటే మాట్లాడుకుంటున్నారు అప్పా, గోడతో. మకాన్ కూడా చెయ్యలేదు, ఒక్క ముద్ద తినలేదు" అంది. గదిలో మంచం మీద మాస్టారు సిద్ధంగా కూర్చుని ఉన్నారు. ఒకటి నుంచి పది దాకా అంకెలు చెప్పారు. పొద్దున పలకరింపు ఒకలా, నీళ్ళ దగ్గర పలకరింపు ఒకలా ఉంటుందని రెండూ చెప్పారు. ఆవిడ మేకల్ని అదిలించే పాట పాడారు. గొంతు పైకీ కిందకీ జారుతూ అచ్చం ఆవిడలాగే వచ్చింది. ఆ రోజు నాకు ప్రాణం లేచొచ్చింది. ఇంటికి వెళ్తూ బస్సులో, ఇంకో పది ఆదివారాలుంటే చాలు, కొంతైనా తిరిగొస్తుంది అనుకున్నాను.

మూడో ఆదివారం నుంచి ఆయన తడబడ్డారు. ఒక మాట చెప్పి ఆగేవారు. "ఉండు. ఇది ఆవిడదేనా, కిందవాళ్ళదా?" పన్నెండేళ్ళు రోజూ బడిలో పిల్లలతో మాట్లాడింది కొండ కింద భాష. ఆవిడ మాట విన్నది సాయంత్రాలు మాత్రమే, ఇరవై ఏళ్ళ కిందట. సందేహం వచ్చినప్పుడు పోల్చుకోవడానికి క్యాసెట్లు ఉండాలి. అవి లేవు. సరిదిద్దడానికి ఆవిడ లేదు. ఇంక ఈ భూమ్మీద ఎవరినీ అడగడానికి లేదు. "అడుగు, నువ్వడిగితే గుర్తొస్తాది" అనేవారు. నేను నిప్పు అనేవాణ్ణి, ఉప్పు అనేవాణ్ణి, కూతురు అనేవాణ్ణి. ఒకదానికి చెప్పి, రెండింటికి చెయ్యి అడ్డంగా ఊపేవారు. ఆయన గెడ్డం గీసుకోవడం మానేశారు. అంత పెద్ద మనిషి అలా మంచం అంచున కూర్చుని మాట కోసం వెతుక్కుంటుంటే చూడలేక నేను రికార్డర్ మీద అంకెలు చూస్తూ కూర్చునేవాణ్ణి.

ఆరో ఆదివారం కిటికీ బయట వాన మొదలైంది. ఎదురు బ్లాక్‌లో వెదురు గడల మీద ఆరేసిన బట్టలు గబగబా లోపలికి లాక్కుంటున్నారు. "వాన" అన్నాను.

ఆయన ఒక మాట చెప్పారు. వెంటనే ఇంకో మాట చెప్పారు. కళ్ళు మూసుకుని రెండూ మళ్ళీ చెప్పారు. మొదటిసారి నాకు వేరువేరుగా వినపడ్డాయి. మూడోసారి, నాలుగోసారి ఒకదాంట్లోది రెండోదాంట్లోకి జారిపోయింది. ఆయన కళ్ళు తెరిచారు. తనకీ అలాగే వినపడిందని ఆ మొహం చూస్తే తెలిసింది.

"బాబూ, మీ పట్టికలో ఈ రెండు భాషలకీ ఏటి రాసావు?"

అన్ని నెలల్లో ఆ ప్రశ్న ఆయన నన్ను అడగనేలేదు, నేనూ చెప్పలేదు.

"రెండూ ఒకటేనని రాశాను మాస్టారూ."

పిల్లాడు చెప్పిన జవాబు సరిచూసుకుంటున్నట్టు ఆయన కాసేపు తలాడించారు.

"అయితే దిద్దక్కర్లేదు. ఇప్పుడు ఒకటే అయిపోనాయి. ఆపీ."

ఆపేశాను.